పైడి జైరాజ్ నట జీవితం: కథానాయకుడి నుంచి గుణచిత్ర నటుడి దాకా

లక్ష్యాలు

ఈ పాఠం చదివిన తరవాత మీరు:
– గుణచిత్ర నటుడు అంటే ఎవరో, కథానాయకుడితో అతనికి ఉన్న తేడా ఏమిటో వివరించగలుగుతారు.
– ఒక నటుడి దీర్ఘకాల వృత్తిని దశలుగా విభజించి పరిశీలించగలుగుతారు.
– పైడి జైరాజ్ నటనలోని బలాన్ని, పరిమితిని అంచనా వేయగలుగుతారు.
– ఒక కళాకారుణ్ణి 'మనవాడు' అని చెప్పుకోవడంలో ఉన్న సమస్యను చర్చించగలుగుతారు.

1. ప్రవేశిక

పైడి జైరాజ్ పేరు మీరు వినే ఉంటారు. హైదరాబాదు రవీంద్రభారతిలో ఆయన పేరుతో ఒక ప్రివ్యూ థియేటర్ ఉంది. తెలంగాణ ప్రభుత్వం ఇచ్చే గద్దర్ చలనచిత్ర పురస్కారాల్లో ఒకటి ఆయన పేరు మీద ఉంది. పోటీ పరీక్షల పుస్తకాల్లో 'దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం పొందిన కరీంనగర్ వాసి ఎవరు?' అనే ప్రశ్నకు జవాబు ఆయనే. అయితే ఆయన నటించిన నాలుగు సినిమాల పేర్లు చెప్పమంటే మనలో చాలామంది తడుముకుంటాం. ఆయన నటన ఎలా ఉంటుందో చెప్పమంటే జవాబు అసలే దొరకదు.

పేరును గౌరవించడం ఒక పని, ఆ పేరు గల మనిషి చేసిన పనిని చదవడం మరొక పని. మొదటిదానికి విగ్రహం, పురస్కారం చాలు. రెండోదానికి విమర్శ కావాలి. ఈ పాఠంలో మనం రెండో పనిని మొదలుపెడదాం.

జైరాజ్ 1909 సెప్టెంబర్ 28న కరీంనగర్‌లో, ఒక తెలుగు కుటుంబంలో పుట్టారు. అప్పటి నిజాం రాజ్యంలో, హైదరాబాదులో చదువుకున్నారు. ఇరవై ఏళ్ల వయసుకు ముందే బొంబాయి చేరారు. 1929లో మూకీ చిత్రాలతో మొదలైన ఆయన వృత్తి 1990 దశకం దాకా సాగింది. 1980 సంవత్సరానికి ఫాల్కే పురస్కారం అందుకున్నారు. 2000 ఆగస్టు 11న ముంబయిలో కన్నుమూశారు. మూకీ, టాకీ, నలుపు తెలుపు, రంగులు, డెబ్బై ఎం.ఎం. తెర అన్నీ ఆయన ఎదుటే వచ్చాయి. అన్నిటిలోనూ ఆయనకు పని దొరికింది. అరవై ఏళ్లకు పైగా ఒక నటుడికి పని ఎందుకు దొరికింది? మన పరిశీలనకు ఇదే మూల ప్రశ్న.

2. గుణచిత్ర నటుడు అంటే ఎవరు?

'క్యారెక్టర్ యాక్టర్' అనే మాటకు తెలుగు పత్రికలు 'గుణచిత్ర నటుడు' అనే మాటను వాడుతున్నాయి. 'సహాయ నటుడు' అనే మాట కూడా ఉంది. కానీ ఈ రెండూ ఒకటి కావు. సహాయ నటుడు అన్నప్పుడు మనం కథలో అతని స్థానం గురించి మాట్లాడుతున్నాం. గుణచిత్ర నటుడు అన్నప్పుడు అతను చేసే పని గురించి మాట్లాడుతున్నాం. కథానాయకుడి దగ్గరికి ప్రేక్షకుడు ఆ నటుణ్ణే చూడటానికి వస్తాడు. గుణచిత్ర నటుడి దగ్గర మాత్రం ప్రేక్షకుడు నటుణ్ణి మరచిపోయి తండ్రిని, జమీందారును, న్యాయమూర్తిని, మంత్రిని చూడాలి.

అమెరికాలో 1930, 40 దశకాల్లో స్టూడియోలు నటులను నెల జీతం మీద పెట్టుకునేవి. కథానాయకులతో పాటు ఇలాంటి నటుల దండు ఒకటి ప్రతి స్టూడియోలోనూ ఉండేది. థామస్ మిచెల్ అనే నటుడు 1939 ఒక్క సంవత్సరంలోనే 'స్టేజ్‌కోచ్', 'గాన్ విత్ ద విండ్' సహా అయిదు పేరున్న చిత్రాల్లో కనిపించాడు. ఆస్కార్ పురస్కారాల్లో సహాయ నటులకు విడిగా బహుమతి 1936 చిత్రాలతో మొదలైంది. మన జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో అలాంటి విభాగం 1984లో గాని రాలేదు. అంటే జైరాజ్‌కు ఫాల్కే పురస్కారం ప్రకటించేనాటికి, ఆయన అప్పుడు చేస్తున్న రకం పాత్రలకు జాతీయ స్థాయిలో ఒక బహుమతి కూడా లేదు. ఈ విషయం గుర్తుంచుకోండి. ఒక పనికి బహుమతి లేనిచోట దాన్ని కొలవడానికి మాటలు కూడా తక్కువగానే ఉంటాయి.

తెలుగులో ఈ పనికి గొప్ప ఉదాహరణ గుమ్మడి వెంకటేశ్వరరావు. 1955లో వచ్చిన 'అర్ధాంగి'లో ఆయన అక్కినేని నాగేశ్వరరావుకు తండ్రిగా నటించారు. నిజానికి గుమ్మడి 1927లో పుట్టారు, అక్కినేని 1924లో పుట్టారు. తనకంటే మూడేళ్లు పెద్దవాడికి తండ్రి అయ్యి, ప్రేక్షకుణ్ణి నమ్మించడం గుణచిత్ర నటుడి పని. గుమ్మడి యౌవనంలోనే వృద్ధ పాత్రల్లోకి వెళ్లారు. జైరాజ్ ప్రయాణం దీనికి పూర్తిగా ఎదురుగా సాగింది. ఆయన యాభై దాటాక కూడా యువ వీరుడిగా నటించి, ఆ తరవాతే చిన్న పాత్రల్లోకి వచ్చారు. ఈ తేడా ఎందుకు వచ్చిందో చూడాలంటే మొదటినుంచి రావాలి.

ఇందుకు మనకు తెలిసిన ఒక పాత కొలమానాన్ని వాడుకుందాం. నాట్యశాస్త్రం అభినయాన్ని నాలుగు విధాలుగా చెప్పింది: ఆంగికం (శరీరం), వాచికం (మాట), ఆహార్యం (వేషం), సాత్త్వికం (లోపలి భావం). జైరాజ్ వృత్తిలోని ఒక్కో దశలో వీటిలో ఒక్కొక్కటి ముందుకు వస్తుంది. ఇవి గట్టి గీతలు కావు. పరిశీలనకు దారి చూపే గుర్తులు మాత్రమే.

3. మూకీల కాలం: భాష అడగని తెర

1929 నాటి 'జగ్‌మగ్‌తీ జవానీ'తో జైరాజ్ తెర మీదికి వచ్చారు. అప్పటి బొంబాయి మూకీ చిత్రాల్లో కథానాయకుడికి కావలసింది ముందుగా శరీరం. గుర్రం ఎక్కాలి, కత్తి తిప్పాలి, గోడ దూకాలి, అదంతా చేస్తూ చూడటానికి బాగుండాలి. జైరాజ్ ఆజానుబాహుడు, వ్యాయామంతో తీర్చుకున్న దేహం. ఆంగికమే ఆయన మొదటి పెట్టుబడి.

ఇక్కడ ఒక విషయం గమనించండి. మూకీ సినిమాకు భాష లేదు. తెర మీద మధ్య మధ్య కనిపించే అక్షరాలను ఏ ఊరికి ఆ ఊరి భాషలో రాసుకోవచ్చు. కరీంనగర్ కుర్రవాడు, కరాచీ కుర్రవాడు, కలకత్తా కుర్రవాడు ఆ తెర ముందు సమానులే. 'తెలుగు నటుడు', 'హిందీ నటుడు' అనే విభజన 1929లో సినిమా రంగంలో లేదు. కాబట్టి 'జైరాజ్ తెలుగు సినిమాను వదిలి హిందీకి ఎందుకు వెళ్లారు?' అనే ప్రశ్న సరైనది కాదు. ఆయన వెళ్లేనాటికి తెలుగు మాట్లాడే సినిమా పుట్టలేదు. మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' 1932లో వచ్చింది. అది తయారైంది కూడా బొంబాయిలోనే.

ఈ దశను అంచనా వేయడంలో మనకు ఒక పెద్ద అడ్డంకి ఉంది. మన దేశంలో పదమూడు వందలకు పైగా మూకీలు తయారయ్యాయి. మిగిలినవి బహు కొద్ది. ఫిల్ములు తగలబడ్డాయి, పాడయ్యాయి, వెండి కోసం కరిగించబడ్డాయి. జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ 1964లో గాని పుణెలో ఏర్పడలేదు. అందువల్ల మూకీల నాటి జైరాజ్ 'గొప్పగా నటించాడు' అని రాసేవారిని నమ్మకండి. 'బాగా నటించలేదు' అని రాసేవారినీ నమ్మకండి. ఉన్న ఆధారం మేరకే తీర్పు చెప్పడం విమర్శకుడి మొదటి నియమం.

4. టాకీ వచ్చాక: వాచికం, హైదరాబాదు

1931 మార్చి 14న 'ఆలం ఆరా' విడుదలయింది. తెర మాట్లాడటం మొదలుపెట్టిన మరుక్షణం మూకీ నటుల్లో చాలామందికి గండం వచ్చింది. గొంతు బాగోలేనివారు, హిందుస్తానీ పలకలేనివారు, పాట రానివారు వెనక్కి తగ్గారు. జైరాజ్‌కు పాట లేదు. అయినా 1932లో వచ్చిన 'షికారీ' మొదలుకొని ఆయన టాకీల్లో నిలదొక్కుకున్నారు. దీనికి కారణం ఆయన ఉచ్చారణలో వెతకాలి.

నిజాం రాజ్యంలో అధికార భాష ఉర్దూ. ఇంట్లో తెలుగు మాట్లాడే పిల్లవాడు కూడా బడిలో, కచేరీలో, బజారులో ఉర్దూ వింటూ పెరిగేవాడు. మన ప్రాంతంలో ఈనాటికీ పట్టా, పహాణీ, తహసీల్, జమాబందీ వంటి మాటలు తెలుగులో తెలుగులాగే నడుస్తున్నాయి. కోస్తా ప్రాంతం నుంచి బొంబాయి చేరిన యువకుడికి ఉర్దూ కొత్తగా నేర్చుకోవలసిన భాష. జైరాజ్‌కు అది పెరిగిన గాలి. అప్పటి హిందీ సినిమా సంభాషణ నిజానికి ఉర్దూ సంభాషణే. అందులో 'ఖ', 'గ', 'జ' శబ్దాల పలుకుబడి తెలిసినవాడికే రాజు వేషం, నవాబు వేషం దక్కుతుంది.

ఎల్.వి. ప్రసాద్‌తో పోల్చితే ఈ విషయం మరింత స్పష్టమవుతుంది. ఏలూరు ప్రాంతం నుంచి బొంబాయి చేరిన ప్రసాద్ 'ఆలం ఆరా'లో, 'భక్త ప్రహ్లాద'లో చిన్న పాత్రలు వేశారు. తరవాత తెలుగువైపు వచ్చి 'గృహప్రవేశం', 'మనదేశం' వంటి చిత్రాలకు దర్శకుడయ్యారు. జైరాజ్ అక్కడే ఉండిపోయారు. ఒకరు 1980కి, మరొకరు 1982కి ఫాల్కే పురస్కారం పొందారు. ఇద్దరూ తెలుగువారే. కానీ ఒకరి తెలుగు నేల మద్రాసు స్టూడియోలతో ముడిపడింది, మరొకరి తెలుగు నేల హైదరాబాదు సంస్థానంతో ముడిపడింది. ఆ రెండు నేలలు వారిని రెండు దారుల్లో నడిపాయి.

1938లో బాంబే టాకీస్ నిర్మించిన 'భాభీ'లో జైరాజ్ కథానాయకుడు. 1943లో 'హమారీ బాత్'లో దేవికారాణి సరసన నటించారు. అది ఆమె చివరి చిత్రం. అందులోనే ఒక చిన్న పాత్రలో యువకుడైన రాజ్‌కపూర్ ఉన్నాడు. 1945లో బాంబే టాకీస్‌కే జైరాజ్ 'ప్రతిమ' చిత్రానికి దర్శకత్వం వహించారు. అందులో కథానాయకుడు దిలీప్ కుమార్. అది దిలీప్‌కు రెండో చిత్రం.

ఈ రెండు చిత్రాలను పక్కపక్కన పెట్టి చూడండి. ఒకవైపు ఒక తరం ముగుస్తోంది, మరోవైపు ఇంకో తరం మొదలవుతోంది. రెండింటి నడుమ జైరాజ్ నిలబడి ఉన్నారు. దిలీప్ కుమార్ గొంతు తగ్గించి, మాటల మధ్య మౌనాన్ని పెట్టి నటించే పద్ధతిని తెచ్చాడు. రాజ్‌కపూర్ వీధి మనిషిని కథానాయకుణ్ణి చేశాడు. ఈ కొత్త పద్ధతుల ముందు, నిండు గొంతుతో నిటారుగా నిలబడి మాట్లాడే పాత తరం నటుడికి సాంఘిక చిత్రాల్లో చోటు తగ్గింది. 1940 దశకం చివర స్టూడియోల నెల జీతాల పద్ధతి కూడా కూలిపోయింది. ఇక ప్రతి చిత్రానికీ విడిగా బేరం. జైరాజ్ ఎక్కడికి వెళ్లాలి?

5. చారిత్రక వీరుడు: బలం, పరిమితి

ఆయన చరిత్రలోకి వెళ్లారు. 1950 దశకం రెండో సగంలో బొంబాయిలో చారిత్రక, జానపద చిత్రాలు వరసగా వచ్చాయి. వీటిలో చాలావాటికి పెద్ద పెట్టుబడి లేదు. కానీ చిన్న ఊళ్లలో మంచి గిరాకీ ఉండేది. వీటికి కావలసింది గుర్రం మీద నమ్మకంగా కూర్చోగలిగే మనిషి, దర్బారులో గొంతు విప్పితే వినిపించే మనిషి. జైరాజ్‌కు రెండూ ఉన్నాయి.

1956లో హోమీ వాడియా తీసిన 'హాతింతాయి'లో ఆయన హాతిం. తన కోసం కాక ఇతరుల కోసం ఏడు ప్రశ్నలకు జవాబులు వెతుకుతూ లోకం తిరిగే దాత కథ ఇది. మన తెలుగు ఇళ్లలోనూ హాతింతాయి కథలు చదివిన తరం ఉంది. ఆ చిత్రంలో మహమ్మద్ రఫీ పాడిన ప్రార్థనా గీతం ఈనాటికీ వినిపిస్తుంది. ఈ పాత్రలో ఒక విశేషం ఉంది. హాతిం కథానాయకుడే గాని అతని పని ఇతరుల కథను ముందుకు నడపడం. కథానాయకుడి వేషంలో గుణచిత్ర నటుడి ధర్మం ఇక్కడే మొదటిసారి కనిపిస్తుందని చెప్పవచ్చు.

1959లో 'పృథ్వీరాజ్ చౌహాన్', అదే ఏడు 'టిపు సుల్తాన్', 1960లో 'వీర్ దుర్గాదాస్', ఆ వెంటనే 'జై చిత్తోడ్', 'రజియా సుల్తానా'. ఈ జాబితాను ఊరికే చదివి వదలకండి. ఒకే ఏడాదిలో ఒకే నటుడు రాజపుత్ర వీరుడిగా, మైసూరు సుల్తానుగా కనిపించాడు. ప్రేక్షకులు రెండింటినీ ఒప్పుకున్నారు. సంస్కృత పదాలున్న సంభాషణ, పారసీ పదాలున్న సంభాషణ రెండూ ఒకే నాలుక మీద నిలబడినప్పుడే ఇది సాధ్యం. హైదరాబాదు ఇచ్చిన వాచికం ఇక్కడ పూర్తిగా పనికి వచ్చింది.

పరిమితిని కూడా చూడాలి. ఈ చిత్రాల్లో ఆహార్యం నటుణ్ణి మింగేస్తుంది. కిరీటం, కవచం, కంఠహారం మోస్తున్న మనిషికి ముఖంలో సూక్ష్మభావం చూపే వీలు తక్కువ. రచయిత కూడా అతనికి ఆలోచనను ఇవ్వడు, ప్రతిజ్ఞలను ఇస్తాడు. ఒక చిత్రంలో పలికిన పంతం, మరో చిత్రంలో పలికిన పంతం ఒకేలా వినిపిస్తాయి. పృథ్వీరాజు దుర్గాదాసు కంటే ఎలా వేరో నటనలో తెలియదు, వేషంలోనే తెలుస్తుంది. మన ఎస్.వి. రంగారావు 'మాయాబజార్' ఘటోత్కచుడికీ 'నర్తనశాల' కీచకుడికీ నడకలోనే తేడా చూపారు. అలాంటి తేడాను జైరాజ్ చారిత్రక పాత్రల్లో వెతికితే నిరాశే మిగులుతుంది. దీనికి చిత్రాల తీరు కొంత కారణం. కానీ మొత్తం నింద చిత్రాల మీద వేయడం కూడా న్యాయం కాదు.

6. 1963: ఒక మలుపు

ఒక నటుడి వృత్తిలో మలుపు ఒకే ఏడాదిలో ఇంత స్పష్టంగా కనిపించడం అరుదు. 1963లో 'చంద్రశేఖర్ ఆజాద్' చిత్రంలో జైరాజ్ ఆజాద్‌గా నటించారు. ఆజాద్ 1906లో పుట్టి, 1931 ఫిబ్రవరి 27న అలహాబాదు ఆల్ఫ్రెడ్ పార్కులో ఇరవై నాలుగేళ్లకే ప్రాణం వదిలాడు. జైరాజ్ ఆజాద్ కంటే మూడేళ్లు చిన్నవారు. ఆజాద్ చనిపోయిన రోజున జైరాజ్ వయసు ఇరవై ఒకటి. బొంబాయిలో మూకీల్లో కత్తి తిప్పుతున్నారు. ముప్ఫై రెండేళ్లు గడిచాక, యాభై దాటిన ఆ సమకాలికుడే యువకుడిగా ఆగిపోయిన ఆజాద్ వేషం కట్టారు.

ఇది హాస్యాస్పదమని కొట్టివేయడం తేలిక. కొంతవరకు అది నిజమే. కెమెరా దగ్గరికి వచ్చినప్పుడు వయసు దాగదు. కానీ ఇంకో కోణంలో చూడండి. ఆ కాలపు యువకుల్లో ఒకడు ఆ కాలపు యువకుణ్ణి గుర్తు చేసుకుంటున్నాడు. నాటక సంప్రదాయంలో పెరిగిన మన ప్రేక్షకులు వయసును అంత గట్టిగా పట్టించుకోలేదు. యాభై ఏళ్ల స్థానం నరసింహారావు ఆడవేషం కడితే చూసినవాళ్లం మనం. సినిమా తెర ఈ సదుపాయాన్ని మెల్లమెల్లగా తీసేసింది. జైరాజ్ ఆ మార్పు జరుగుతున్న సరిహద్దు మీద దొరికిపోయారు.

అదే 1963లో ఆయన మార్క్ రాబ్సన్ దర్శకత్వం వహించిన ఆంగ్ల చిత్రం 'నైన్ అవర్స్ టు రామా'లో నటించారు. గాంధీజీ హత్యకు ముందు తొమ్మిది గంటల కథ ఇది. జైరాజ్ పాత్ర ఘనశ్యామ్ దాస్ బిర్లా. 1948 జనవరి 30న గాంధీజీ హత్య జరిగింది ఢిల్లీలోని బిర్లా ఇంట్లోనే. ఇక్కడ కత్తి లేదు, కిరీటం లేదు, ప్రతిజ్ఞ లేదు. ఒక పెద్దమనిషి, తన ఇంట ఉన్న మహానుభావుడి గురించి ఆందోళన. చిత్రం కథానాయకుడు వేరొకరు. జైరాజ్ పని కథకు ఒక చట్రం ఇవ్వడమే.

తుపాకీని నమ్మిన విప్లవకారుడు, తుపాకీకి బలైన అహింసావాది స్నేహితుడు, ఈ రెండు పాత్రలూ ఒకే ఏడాదిలో! మొదటిది ఆయన పాత వృత్తికి వీడ్కోలు, రెండోది కొత్త వృత్తికి ప్రవేశం. అయితే రెండోదాన్ని మన ప్రేక్షకులు చూడలేదు. ఆ చిత్రాన్ని భారతదేశంలో నిషేధించారు. నటుడిగా జైరాజ్ మారిన తీరును ఆయన సొంత ప్రేక్షకులు గుర్తించకపోవడానికి ఇది ఒక కారణం కావచ్చు.

7. చిన్న పాత్రల పెద్ద కాలం

ఆ తరవాత మూడు దశాబ్దాల పాటు జైరాజ్ తండ్రిగా, అధికారిగా, పెద్దమనిషిగా కనిపిస్తూ వచ్చారు. 1975 నాటి 'షోలే'లో ఆయన పోలీస్ కమిషనర్. 1978 నాటి 'డాన్'లో దయాళ్. ఈ రెండు చిత్రాలను మీలో చాలామంది చూసే ఉంటారు, ఒకటికి రెండుసార్లు కూడా. కానీ అందులో కరీంనగర్‌లో పుట్టిన ఒక మనిషి ఉన్నాడని అప్పుడు మీకు తెలియకపోవచ్చు.

ఇలాంటి పాత్రను ఎలా అంచనా వేయాలి? 'ఎంతసేపు కనిపించాడు' అనే లెక్క ఇక్కడ పనికిరాదు. ఈ మూడు ప్రశ్నలు వేయండి. ఒకటి, ఈ మనిషి తెర మీదికి రాగానే అతని హోదా ఎవరూ చెప్పకుండానే తెలిసిందా? రెండు, ఎదుటి నటుడు ఇతనితో మాట్లాడుతున్నప్పుడు ఆ నటుడి మాటకు బరువు పెరిగిందా? మూడు, ఇతను వెళ్లిపోయాక కథ మీద నమ్మకం మిగిలిందా?

కమిషనర్ పాత్రకు గతం ఉండదు, కుటుంబం ఉండదు, పాట ఉండదు. నటుడే తన గతాన్ని వెంట తీసుకురావాలి. ముప్ఫై ఏళ్లు రాజుగా, సుల్తానుగా నిలబడిన మనిషి కమిషనర్‌గా నిలబడితే ఆ నిలబడటంలోనే అధికారం ఉంటుంది. చారిత్రక చిత్రాల్లో అతిగా అనిపించిన నిటారుతనం ఇక్కడ సరిగ్గా సరిపోయింది. అక్కడ గొంతు సినిమాను నింపవలసి వచ్చింది, ఇక్కడ గొంతు తగ్గించినా చాలు. మనం సాత్త్వికం అని చెప్పుకున్నది ఇదే. భావాన్ని ప్రదర్శించడం మానేసి, ఉన్నట్టుగా ఉండటం.

నిజం చెప్పాలంటే ఈ దశలో కూడా ఆయనకు గుమ్మడికి 'మహామంత్రి తిమ్మరుసు' దొరికినట్టు ఒక పూర్తి పాత్ర దొరకలేదు. చిన్న పాత్రలన్నీ కలిపితే ఒక పెద్ద పాత్ర అవుతుందని మనం సర్దిచెప్పుకోకూడదు. ఆయన చివరి మూడు దశాబ్దాల పనిలో నైపుణ్యం ఉంది, దానికి తగిన అవకాశం లేదు. ఈ లోటు నటుడిది కాదు. పెద్ద వయసు మనిషిని కథ మధ్యలో పెట్టలేని ఆనాటి హిందీ సినిమాది.

8. 'మనవాడు' అనడంలో అర్థం ఏమిటి?

ఇప్పుడు మొదటి ప్రశ్నకు తిరిగి వద్దాం. జైరాజ్ వృత్తి అంతా బొంబాయిలో గడిచింది. తెలుగు సినిమా చరిత్ర పుస్తకాల్లో ఆయనకు అధ్యాయం దొరకదు, దొరికేందుకు కారణమూ లేదు. మరి ఆయనను మనవాడని ఏ ఆధారంతో చెప్పుకుంటున్నాం? పుట్టిన ఊరి ఆధారంతోనా? అది చాలదు. పుట్టుక యాదృచ్ఛికం.

మీరు కాగజ్‌నగర్‌లో ఉండి ఈ పాఠం చదువుతున్నారనుకోండి. మీ ఊరి పేరులోనే జవాబు ఉంది. 'కాగజ్' ఉర్దూ వాడుకలోకి పారసీ నుంచి వచ్చిన మాట, 'నగర్' సంస్కృతం. నిజాం కాలంలో పెట్టిన సిర్పూర్ కాగితపు మిల్లు చుట్టూ పెరిగిన ఊరు ఇది. మిల్లు పని కోసం ఎక్కడెక్కడి వారో వచ్చారు. బజారులో తెలుగు, ఉర్దూ, హిందీ, మరాఠీ వినిపిస్తాయి. ఈస్‌గాం వైపు వెళితే బెంగాలీ. చుట్టుపక్కల గూడేల్లో గోండి, కోలామి. ఇంట్లో ఒక భాష, పనిలో మరొక భాష, రైల్లో ఇంకొక భాష మాట్లాడే మనిషి ఇక్కడ వింత కాదు. 2014లో మిల్లు మూతపడ్డప్పుడు పని వెతుక్కుంటూ చంద్రపూర్‌కో, హైదరాబాదుకో వెళ్లిన కుటుంబాలకు ఆ భాషలే ఆసరా అయ్యాయి. మిల్లు 2018లో మళ్లీ తెరుచుకుంది.

జైరాజ్ అలాంటి నేల మనిషి. ఆయన మన భాషలో నటించలేదు. కానీ ఆయన నటించిన తీరును మన నేల తయారు చేసింది. పృథ్వీరాజును, టిపును ఒకే నాలుకతో పలికించింది బొంబాయి కాదు, పాత హైదరాబాదు సంస్థానం. ఆయనను మనవాడని చెప్పుకోవాలంటే, తెలంగాణ అంటే ఒక్క తెలుగే కాదని కూడా ఒప్పుకోవాలి. ఉర్దూను 'వాళ్ల భాష' అని పక్కకు నెట్టి, జైరాజ్‌ను మాత్రం 'మనవాడు' అని దగ్గరికి తీసుకోవడం కుదరదు. ఆయన పేరు మీద పురస్కారం ఇచ్చేటప్పుడు మనం ఒప్పుకుంటున్నది ఈ మాటనే, తెలిసి గాని తెలియక గాని.

9. సారాంశం

జైరాజ్‌ను 'బొంబాయి వెళ్లి గెలిచిన తెలుగు హీరో' అని మాత్రమే చెప్పుకుంటే ఆయన వృత్తిలో సగం కనిపించదు. ఆయన కథానాయకుడిగా చేసిన పనిలో చాలావరకు మూకీలతో పాటు పోయింది. మిగిలిన చారిత్రక చిత్రాల్లో బలం ఉంది, వైవిధ్యం తక్కువ. చిన్న పాత్రల్లో నైపుణ్యం పెరిగింది, అవకాశం తగ్గింది. కాలం మారిన ప్రతిసారీ ఆయన ఒక మెట్టు దిగారు, కానీ రంగాన్ని వదలలేదు. దిగిన ప్రతి మెట్టు మీదా నిటారుగానే నిలబడ్డారు. ఒక నటుడి జీవితాన్ని శిఖరంతో మాత్రమే కొలిచే అలవాటు మనది. దిగుదలను కూడా చదవడం నేర్చుకుంటే జైరాజ్ మనకు కొత్తగా కనిపిస్తారు.

మీ ప్రగతిని తెలుసుకోండి

1. 'గుణచిత్ర నటుడు', 'సహాయ నటుడు' అనే మాటల మధ్య తేడా ఏమిటి?
2. మూకీల కాలంలో 'తెలుగు నటుడు' అనే విభజన ఎందుకు లేదు?
3. 1963లో జైరాజ్ నటించిన రెండు చిత్రాలు ఏవి? అవి ఆయన వృత్తిలో మలుపు ఎలా అయ్యాయి?

నమూనా పరీక్ష ప్రశ్నలు

1. చతుర్విధ అభినయాల ఆధారంగా జైరాజ్ నట జీవితాన్ని దశలుగా వివరించండి.
2. గుమ్మడి, జైరాజ్ వృత్తి మార్గాలను పోల్చి చర్చించండి.
3. 'ఒక కళాకారుణ్ణి మనవాడు అనడానికి భాష ఒక్కటే ఆధారం కాదు.' సమర్థించండి లేదా ఖండించండి.

అభ్యాసం

'షోలే' గాని 'డాన్' గాని మరోసారి చూడండి. జైరాజ్‌ను గుర్తుపట్టండి. ఏడో భాగంలో ఇచ్చిన మూడు ప్రశ్నలకు మీ సొంత మాటల్లో ఒక పేజీ జవాబు రాయండి. ఈ పాఠంలోని అభిప్రాయంతో మీరు ఏకీభవించకపోతే, తెర మీద మీరు చూసిన దాన్నే ఆధారంగా చూపి ఆ మాట రాయండి.